ఒక్క రోజులో అగ్నిపర్వతాల దీవులు: మిలాజ్జో నుంచా, త్రొపేయా నుంచా, లేక సాంతోరినీతో సరిపెట్టుకోవాలా?

టికెట్ మీద ఎన్ని దీవుల పేర్లు రాసున్నాయో చూసి బోటు ఎంచుకోకండి, ముందే చెప్పేస్తున్నా. మూడు అంటే రెండు కంటే ఎక్కువ కదా అని చాలామంది మూడు దీవులదే బుక్ చేసేస్తారు, తీరా వెళ్ళాక రోజులో సగం పైన బోటులోనే గడిచిపోతుంది, ఒక్కో దీవిలో దిగి బాత్రూమ్ వెతుక్కుని ఒక ఐస్‌క్రీమ్ తినేసరికి వెనక్కి రమ్మని హారన్ కొట్టేస్తారు. అసలు చూడాల్సినవి రెండే. దీవి మీద దిగాక ఎంతసేపు ఉండనిస్తారు అనేది ఒకటి. ఎప్పుడూ నిప్పు చిమ్ముతుండే స్ట్రాంబోలి దీవి ముందుకి బోటు చేరేసరికి చీకటి పడుతుందా లేదా అనేది రెండోది. ఈ రెండూ తెలిస్తే మిగతా బేరం అంతా ఈజీ.

నేను చెప్పేది ముఖ్యంగా ఇటలీలో సిసిలీ దీవికి ఉత్తరాన ఉన్న ఎయోలియన్ దీవుల గురించి. మొత్తం ఏడు: లిపారి, వుల్కానో, సలీనా, పనరేయా, స్ట్రాంబోలి, ఫిలికూది, అలికూది. అన్నీ సముద్రం అడుగు నుంచి లేచిన అగ్నిపర్వతాలే, మనకి కనిపించేది పై కొస మాత్రమే. 2000లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలోకి ఎక్కాయి. ఏడింటిలో స్ట్రాంబోలి ఆగకుండా పేలుతూనే ఉంటుంది, వుల్కానో చివరిసారి 1888 నుంచి 1890 దాకా పేలి ఇప్పుడు పొగ వదుల్తూ కూర్చుంది, లిపారి మధ్యయుగాల తర్వాత మాట్లాడలేదు, మిగతావి ఎప్పుడో చల్లబడ్డాయి. ఫిలికూది, అలికూది పడమటివైపు దూరంగా ఉంటాయి, ఒక్క రోజు ట్రిప్పుల్లో మామూలుగా రావు, అలికూదిలో ఐతే రోడ్డే లేదు, అన్నీ మెట్లే, సామాన్లు గాడిదల మీద మోస్తారు. వాటిని పక్కన పెట్టేద్దాం.

ముందు స్ట్రాంబోలి సంగతి తేల్చుకోవాలి ఎందుకంటే బోటు ధర, టైమింగు, అలసట అన్నీ దాని చుట్టూనే తిరుగుతాయి. 924 మీటర్ల కొండ, నిలువుగా సముద్రంలోంచి లేచినట్టు ఉంటుంది. పైన ఉన్న బిలాల్లో కరిగిన రాయిలోంచి గ్యాస్ పైకొస్తూ చిన్న బుడగలు కలిసి పెద్ద బుడగవుతుంది, అది పైకొచ్చి పగిలినప్పుడు చుట్టూ ఉన్న లావాని ముక్కలుగా గాల్లోకి చిమ్ముతుంది. రాగి జావ చిక్కబడ్డాక స్టవ్ మీద ఎలా చిట్లుతుందో అచ్చం అదే వ్యవహారం, సైజే తేడా. ఇలా పది ఇరవై నిమిషాలకోసారి జరుగుతుంది, ఒక్కోసారి ఇంకా తొందరగా, ఒక్కోసారి ఇంకా ఆలస్యంగా. వేల ఏళ్ళుగా ఇదే పని, అందుకే పాతకాలం నావికులు దీన్ని మధ్యధరా సముద్రపు లైట్‌హౌస్ అనేవాళ్ళు.

ఐతే ఇక్కడే అసలు కిటుకు ఉంది. పగలు చూస్తే మీకు కనిపించేది బూడిద రంగు పొగ, అంతే. మధ్యాహ్నం రెండింటికి బోటు వాయవ్య దిక్కున షారా దెల్ ఫువోకో అనే నల్లటి వాలు ముందు ఆగుతుంది, పైన ఒక పొగ గుబురు లేస్తుంది, అందరూ ఫోన్లు ఎత్తుతారు, ఫోటోలో చూస్తే మబ్బుకీ దానికీ తేడా తెలీదు. అదే చోటు రాత్రి పూట వేరే లోకం. ఇంజిన్ స్లో చేసి డెక్ మీద లైట్లు ఆపేస్తారు, బోటు పక్కకి పక్కకి ఊగుతూ ఉంటుంది, పైన మబ్బు అడుగు మాత్రం ఎర్రగా మెరుస్తూ ఉంటుంది. కాసేపటికి ఎర్రటి చిమ్ము పైకి లేస్తుంది, ఏ శబ్దమూ ఉండదు, నాలుగైదు సెకన్లు పోయాక ధడ్ మని వినిపిస్తుంది, అప్పటికే నిప్పు రాళ్ళు వాలు మీద దొర్లుకుంటూ కిందకి వస్తుంటాయి, కొన్ని దార్లోనే ఆరిపోతాయి. పిల్లలు కూడా మాట్లాడరు ఆ టైమ్‌లో. కాబట్టి స్ట్రాంబోలి పేరు ఉన్న ఏ ట్రిప్పైనా సరే, బుక్ చేసే ముందు అడగాల్సిన మొదటి మాట "షారా ముందు ఎన్నింటికి ఉంటారు" అని. ఆ టైముకి ఆ నెలలో సూర్యాస్తమయం అయిపోయి ఉంటుందా లేదా మీరే చూస్కోండి, వాళ్ళ వెబ్‌సైట్లో వేసిన ఎర్ర లావా ఫోటో చూసి నమ్మకండి, పగలు తిప్పి తెచ్చేవాళ్ళు కూడా అదే ఫోటో పెడతారు.

ఇక ఆప్షన్లలోకి వద్దాం.

మిలాజ్జో నుంచి వుల్కానో, లిపారి. ఇది ఎక్కువమంది తీస్కునేది. మిలాజ్జో అంటే సిసిలీ ఉత్తర తీరంలో ఉన్న రేవు, దీవులకి అన్నిటికన్నా దగ్గర. పొద్దున తొమ్మిది ప్రాంతంలో బయల్దేరి సాయంత్రం ఐదారింటికి తిరిగొచ్చేస్తారు, రెండు దీవుల్లోనూ తలా రెండు మూడు గంటలు దొరుకుతాయి, సముద్రం మీద ప్రయాణం తక్కువ. అమ్మానాన్నలు ఇండియా నుంచి వచ్చారు, చిన్న పిల్లలున్నారు, వాంతుల భయం ఉంది అంటే కళ్ళు మూస్కుని ఇదే. కాకపోతే ఎర్ర లావా కనిపించదు, అది ముందే చెప్పి తీస్కెళ్ళండి, అగ్నిపర్వతం అన్నావు నిప్పేది అని దారంతా అడుగుతారు.

వుల్కానోలో దిగంగానే ముక్కుకి తగిలేది కుళ్ళిన కోడిగుడ్డు వాసన. గంధకం గ్యాస్. పది నిమిషాలకి అలవాటైపోతుంది కానీ బట్టలకి పట్టిందంటే ఓ పట్టాన వదలదు. మన ఆడవాళ్ళకి ఒక మాట, వెండి పట్టీలు, మెట్టెలు, వెండి గొలుసులు రూమ్‌లో పెట్టి రండి లేదా బ్యాగులో కవర్లో గట్టిగా చుట్టి పెట్టండి, ఆ గాలికి వెండి నల్లబడిపోతుంది, మెట్టెలు తీయడం ఇష్టం లేకపోతే కనీసం బూట్లూ సాక్సులూ వేస్కోండి, తర్వాత పేస్టు పెట్టి రుద్దుకునే పని కాస్త తగ్గుతుంది.

అక్కడ చెయ్యాల్సింది పెద్ద బిలం ఎక్కడం, గ్రాన్ క్రతేరే అంటారు. ఎత్తు 391 మీటర్లే కానీ దారిలో చెట్టు నీడ దాదాపు లేదు, కింద జారే బూడిద, మామూలుగా నడిచేవాళ్ళకి పైకి గంట పడుతుంది. పైన అంచు మీద పసుపు రంగు గంధకం పేరుకుని, రాళ్ళ సందుల్లోంచి ఆవిరి బుస్సుమని వస్తుంటుంది, అక్కడ నిలబడితే మిగతా దీవులన్నీ ఒకదాని వెనక ఒకటి కనిపిస్తాయి. చెప్పులతో ఎక్కద్దు. ఎండాకాలం మధ్యాహ్నం ఎక్కద్దు. రెండు గంటలే టైమ్ ఇచ్చే బోటైతే ఎక్కి దిగి రేవుకొచ్చేసరికి సరిపోతుంది, ఇంక బీచ్ లేదు భోజనం లేదు, ఆ లెక్క ముందే వేస్కోండి. ఇంకో సంగతి, 2021లో గ్యాస్ బాగా పెరిగిపోయి బిలం దారి మూసేశారు, రేవు పక్కన ఇళ్ళవాళ్ళని కొన్నాళ్ళు రాత్రిళ్ళు అక్కడ పడుకోనివ్వలేదు కూడా. తర్వాత దారి మళ్ళీ తెరిచారు కానీ ఇలాంటివి ఎప్పుడైనా మారతాయి, వెళ్ళే వారం లిపారి మున్సిపాలిటీ ఆర్డర్ ఏముందో చూస్కోండి. రేవు దగ్గర్లోని బురద గుంట కూడా అంతే, అందరూ ఒళ్ళంతా బురద పూసుకున్న ఫోటోలు పెడతారు కదా, దాన్ని కొన్నేళ్ళు మూసేశారు, కేవలం దాని కోసం వుల్కానో పెట్టుకోవద్దు. నల్ల ఇసుక బీచ్ మాత్రం రేవు నుంచి కాస్త నడిస్తే వచ్చేస్తుంది, నీళ్ళు లోతు తక్కువ, ఈత రానివాళ్ళకి కూడా బానే ఉంటుంది.

లిపారి అన్నిటికన్నా పెద్దది, ఊరు అనిపించేది అదొక్కటే. కోట మీద మ్యూజియం ఉంది, ఆ రోజుల్లో అబ్సిడియన్ అనే నల్లటి గాజు రాయితో కత్తుల్లాంటివి చేసి ఈ దీవి వాళ్ళు మధ్యధరా అంతా వ్యాపారం చేసేవాళ్ళు, కొత్తరాతియుగం సంగతి ఇది, ఆ ముక్కలన్నీ అక్కడ పెట్టారు. 1544లో బార్బరోసా అనే ఒట్టోమన్ నావికాధిపతి వచ్చి ఊరు దోచి జనాన్ని బానిసలుగా పట్టుకుపోయాడు, ఇప్పుడున్న కోట గోడలు ఆ తర్వాత కట్టినవే. ఈశాన్యం వైపు కొండ తెల్లగా ఉంటుంది, అది మంచు కాదు సున్నం కాదు, ప్యూమిస్ రాయి, నీళ్ళల్లో వేస్తే తేలుతుంది, 2007 దాకా అక్కడ తవ్వేవాళ్ళు. కొన్ని బోట్లు ఆ తెల్ల కొండ ముందు ఈతకి ఆపుతాయి, కొన్ని ఆపవు, పిల్లలుంటే ఆపే బోటే చూడండి, తేలే రాయి దొరికిందంటే వాళ్ళకి ఇంకేం అక్కర్లేదు. రెండు గంటల్లో కోటా మ్యూజియం రెండూ పూర్తిగా కుదరవు, కోట ఎక్కి చూసి కిందకొచ్చి మరీనా కోర్తా అనే చిన్న రేవు దగ్గర గ్రనీతా, అంటే మన ఐస్ గోలా లాంటిది, తిని కూర్చోవడం నయం.

రెండోది, మిలాజ్జో నుంచే పనరేయా, స్ట్రాంబోలి. నా ఓటు దీనికే. మధ్యాహ్నం పన్నెండు ప్రాంతంలో బయల్దేరతారు, ముందు పనరేయా, తర్వాత సాయంత్రానికి స్ట్రాంబోలి ఊళ్ళో దింపుతారు, చీకటి పడ్డాక షారా ముందుకి తీస్కెళ్ళి అక్కడ కాసేపు ఉంచి వెనక్కి, మిలాజ్జో చేరేసరికి రాత్రి పది పదకొండు. వచ్చేటప్పుడు సముద్రం మీద చలేస్తుంది, ఆగస్టులో కూడా, ఒక జాకెట్ పెట్టుకోండి. ధర మొదటిదానికన్నా ఎక్కువే కానీ చూసేదానికీ తేడా ఉంది.

దీంట్లో పెద్ద ఇబ్బంది రాత్రి తిరుగు ప్రయాణం. హోటల్ కటానియాలోనో తావొర్మీనాలోనో పెట్టుకుని ఈ ట్రిప్ బుక్ చేస్తే రాత్రి పదకొండింటికి మిలాజ్జో రేవులో దిగి ఏం చేస్తారు, ట్రైన్ స్టేషన్ రేవుకి దగ్గర్లో కూడా లేదు, కొన్ని కిలోమీటర్ల దూరం, ఆ టైముకి బస్సులూ దొరకవు. కారు ఉంటే సరే, కటానియాకి గంటన్నర పైన డ్రైవ్. లేకపోతే ఆ రాత్రి మిలాజ్జోలోనే రూమ్ తీస్కోండి, ఆ ఖర్చు కూడా కలుపుకునే పోల్చుకోండి. కొన్ని కంపెనీలు తావొర్మీనా వైపు నుంచి బస్సు కలిపి ప్యాకేజీ ఇస్తాయి, అది తీస్కుంటే రూమ్ బాధ లేదు కానీ మంచం ఎక్కేసరికి రాత్రి ఒంటిగంట దాటుతుంది.

పనరేయా గురించి రెండు మాటలు చాలు. మనుషులుండే దీవుల్లో అన్నిటికన్నా చిన్నది, మూడున్నర చదరపు కిలోమీటర్లు ఉంటుందేమో, తెల్ల ఇళ్ళు, గులాబీ రంగు కాగితప్పూలు, మామూలు కార్లు లేవు, ఎలక్ట్రిక్ బండ్లు తిరుగుతాయి. డబ్బున్నవాళ్ళ దీవి, కాఫీ ధర చూసి కంగారు పడకండి. రేవు నుంచి దక్షిణంగా అరగంట ముప్పావుగంట నడిస్తే కాలా జున్కో అని ఒక గుండ్రటి నీలం నీళ్ళ కోవ, దాని పైన రాతి గుట్ట మీద కంచుయుగం నాటి గుడిసెల పునాదులు వరసగా ఉంటాయి. రెండు గంటలు ఇస్తే గబగబా వెళ్ళి రావచ్చు. కాళ్ళు నొప్పులున్నవాళ్ళు రేవు దగ్గరే కూర్చుని వచ్చే పోయే యాట్‌లు చూస్తే అదీ కాలక్షేపమే.

స్ట్రాంబోలి ఊళ్ళో దిగాక చాలామంది చేసే పని, పైకెక్కేద్దామా అని అడగడం. అది ఒక్క రోజు బోటు ట్రిప్పులో అవ్వదు. 2019 జూలై 3న ఒక్కసారిగా పెద్ద పేలుడు వచ్చి ఒక హైకర్ చనిపోయారు, ఆగస్టు 28న మళ్ళీ ఇంకోటి, అప్పటి నుంచి కొస దాకా ఎవర్నీ పంపడం లేదు. తర్వాత గైడుతో 400 మీటర్ల దాకా, గైడు లేకుండా 290 మీటర్ల దాకా అన్నట్టు పెట్టారు, కొండ ఎక్కువ రేగినప్పుడు అదీ ఆపేస్తారు. 2002 డిసెంబరు 30న షారా వాలు జారి సముద్రంలో పడి సునామీ కూడా వచ్చింది, కాబట్టి వాళ్ళు వద్దంటే వద్దనే. మీకున్న రెండు మూడు గంటల్లో నల్ల ఇసుక బీచ్‌లో మునిగి, పైన సాన్ విన్చెంజో చర్చి ముందు అరుగు మీద ఏదన్నా తిని, చీకటి పడకముందే రేవుకి దిగిరండి. ఊళ్ళో వీధి దీపాలు అంతంతమాత్రమే, ఫోన్ టార్చికి ఛార్జింగ్ ఉంచుకోండి, ఎర్ర ఫోటోలు తీస్తూ అంతా అయిపోగొట్టుకోవద్దు.

మూడోది త్రొపేయా నుంచి మూడు దీవులు. త్రొపేయా ఉండేది సిసిలీలో కాదు, ఎదురుగా కలాబ్రియాలో, ఇటలీ బూటు కాలివేళ్ళ దగ్గర. వుల్కానో, లిపారి, స్ట్రాంబోలి ఒకే రోజులో. పొద్దున్నే బయల్దేరి సాయంత్రానికి తిరిగొస్తారు. పేరుకి మూడూ చూసేసినట్టు ఉంటుంది, కానీ అక్కడి నుంచి దూరం ఎక్కువ, బయటి సముద్రం దాటాలి, అలలు ఉన్న రోజు చాలామంది పచ్చబడిపోతారు. దీవికి గంటన్నర, మహా ఐతే రెండు గంటలు. వుల్కానో బిలం ఎక్కడం దాదాపు కుదరదు. స్ట్రాంబోలికి చీకటి పడకముందే చేరితే పొగే దిక్కు. నిజానికి త్రొపేయాలో ఉన్నవాళ్ళకి దీనికన్నా మంచి ట్రిప్ అక్కడే ఉంది, మధ్యాహ్నం బయల్దేరి ఒక్క స్ట్రాంబోలికి మాత్రమే వెళ్ళి రాత్రి చూసి వచ్చేది, స్ట్రాంబోలి బై నైట్ అనే పేరుతో అమ్ముతారు. ఒక్క దీవికి అంత డబ్బా అనిపిస్తుంది కానీ ఆ ఒక్కటి సరైన టైములో చూపిస్తారు. సముద్రం బాగోలేని రోజు ఏ ట్రిప్పూ వద్దు, త్రొపేయా కొండ అంచున కూర్చుంటే ఎదురుగా సముద్రంలో స్ట్రాంబోలి ముక్కోణంలా కనిపిస్తుంది, ఆకాశం తేటగా ఉంటే చాలు, టికెట్ అక్కర్లేదు.

టూర్ బోటు అక్కర్లేదు మేమే వెళ్తాం అనేవాళ్ళకి హైడ్రోఫాయిల్ ఉంది, అంటే నీళ్ళ మీద కాస్త పైకి లేచి వేగంగా పోయే బోటు, అక్కడ అలిస్కాఫో అంటారు, లిబర్టీ లైన్స్ వాళ్ళవి. మిలాజ్జో నుంచి వుల్కానోకి ముప్పావుగంట, లిపారికి గంట, ఈ రెంటి మధ్య పది నిమిషాలు. ఒక వైపు టికెట్ ఇరవై యూరోల చుట్టూ ఉంటుంది, సీజన్లో దీవిలో దిగినందుకు చిన్న పన్ను అదనం. పొద్దున మొదటి బండి పట్టుకుని సాయంత్రం చివరిదానికి ముందుదాన్లో వచ్చేలా ప్లాన్ చేస్తే వుల్కానోలో నాలుగు గంటలు, లిపారిలో నాలుగు గంటలు దొరుకుతాయి, టూర్ బోటు ఇవ్వని టైమ్ ఇది. బిలం తీరిగ్గా ఎక్కాలి, మ్యూజియం చూడాలి అనుకునేవాళ్ళు ఇదే చెయ్యండి. చివరి బండికి పెట్టుకోవద్దు, గాలి లేస్తే మొదట రద్దయ్యేవి ఇవే, ఆ రాత్రి దీవిలోనే ఇరుక్కుంటారు. ఇంకోటి, హైడ్రోఫాయిల్‌లో డెక్ ఉండదు, మూసేసిన క్యాబిన్‌లో కూర్చోవాలి, కిటికీ అద్దాల మీద ఉప్పు పేరుకుని బయట సరిగ్గా కనిపించదు, దీవుల చుట్టూ తిరిగి గుహలు చూపించడం లాంటివేం ఉండవు. స్ట్రాంబోలికి దీన్లో పొద్దున పోయి సాయంత్రం రావడం మాత్రం దండగ, మధ్యలో అన్ని దీవుల్లో ఆగుతూ రెండున్నర మూడు గంటలు పడుతుంది, పైగా రాత్రి పూట వెనక్కి తెచ్చే బండి ఉండదు. నేపుల్స్‌లో ఉన్నవాళ్ళకైతే వారంలో కొన్ని రోజులు రాత్రి ఫెర్రీ ఉంది, పడుకుని లేచేసరికి స్ట్రాంబోలి, దాని సంగతి వేరే.

మీ దగ్గర ఒక్క రోజుకి బదులు ఒక రోజూ ఒక రాత్రీ ఉంటే ఈ లెక్కలన్నీ మారిపోతాయి. మిలాజ్జోలో కాకుండా లిపారిలో పడుకోండి. లిపారి నుంచి బయల్దేరే సాయంత్రం బోట్లు పనరేయా, స్ట్రాంబోలి చూపించి రాత్రి మళ్ళీ లిపారిలోనే దింపుతాయి, మిలాజ్జో దాకా చలిలో వణుక్కుంటూ వెళ్ళక్కర్లేదు. మర్నాడు పొద్దున వుల్కానోనో సలీనానో చూసి మధ్యాహ్నం మిలాజ్జో వెళ్ళిపోవచ్చు. సలీనా పచ్చటి దీవి, ఏడింటిలో ఎత్తైన శిఖరం దానిదే, 962 మీటర్లు, స్ట్రాంబోలి కాదు. అక్కడ ద్రాక్ష తోటలు, మల్వజీయా అనే తియ్యటి వైను, కేపర్ మొగ్గలు ఉప్పులో ఊరేసి అమ్ముతారు, మన ఊరగాయ నోటికి అవి భలే నచ్చుతాయి. లింగువా అనే పల్లెలో పానె కున్జాతో అని పెద్ద రొట్టె మీద టమాటా, కేపర్లు, వంకాయ, చీజు అన్నీ గుట్టగా వేసి ఇస్తారు, ఒకటి ఇద్దరికి ఎక్కువే. వెజిటేరియన్లు ఆంచోవీ చేప, ట్యూనా వెయ్యద్దని ముందే చెప్పాలి, సెంజా పేషే అంటే అర్థమైపోతుంది.

తిండి మాట వచ్చింది కాబట్టి, బోటులో ఇచ్చే భోజనం అని టికెట్లో రాసుంటే అది ఎక్కువగా చేపల పాస్తానే. అరంచీని అని అమ్మే బియ్యం ఉండల్లో మాంసం కూర ఉంటుంది, వెన్నది అని చెప్పేదాన్లో కూడా హ్యామ్ పెట్టేస్తుంటారు, అడిగి తినండి. పాస్తా అల్లా నోర్మా ఐతే వంకాయ టమాటా, భయం లేదు. చింతపండు పులిహోర కలిపి డబ్బాలో తెచ్చుకుంటే ఎవరూ ఏమనరు, ఎండకి పాడవదు కూడా.

ఇప్పుడు గ్రీసు. చాలామందికి అగ్నిపర్వతం బోటు అంటే సాంతోరినీయే గుర్తొస్తుంది, ఇటలీ గ్రీసు రెండూ షెంగెన్‌యే కాబట్టి వీసా ఒకటే, ఎటు వెళ్ళాలా అని ఆలోచిస్తుంటారు. ఇప్పటికే సాంతోరినీలో ఉంటే ఆ బోటు ఎక్కండి, సందేహం లేదు. అగ్నిపర్వతం చూడ్డానికే యూరప్‌లో ఒక చోటు ఎంచుకుంటున్నారంటే మాత్రం అక్కడికి వద్దు. సాంతోరినీ అంటే సుమారు 3,600 ఏళ్ళ కింద పేలి మధ్యలో కూలిపోయిన పెద్ద కొండ, మిగిలిన అంచు మీద తెల్ల ఊళ్ళు, కూలిన చోట సముద్రం, ఆ సముద్రం మధ్యలో తర్వాత లేచిన రెండు నల్ల దీవులు: నెయా కమేని, పలేయా కమేని. చివరి పేలుడు 1950లో. బోటు నెయా కమేనిలో దింపుతుంది, తలా ఐదు యూరోల చొప్పున ఎంట్రీ, ఇరవై ముప్పై నిమిషాలు నల్ల రాళ్ళ మధ్య ఎక్కితే బిలం, అక్కడక్కడా కాస్త ఆవిరి. చూడ్డానికి బాగుంటుంది, నిప్పు లేదు, నీడ అసలే లేదు. తర్వాత పలేయా కమేని దగ్గర వేడి నీళ్ళ ఊట అంటారు, ఇక్కడ మనవాళ్ళు బాగా మోసపోయినట్టు ఫీలవుతారు ఎందుకంటే బోటు ఊట దాకా వెళ్ళదు, లోతు నీళ్ళల్లోకి దూకి కాస్త దూరం ఈదుకుంటూ వెళ్ళాలి, అక్కడ కూడా నీళ్ళు గోరువెచ్చగా బురద రంగులో ఉంటాయి, తెల్ల స్విమ్‌సూట్ ఇంక తెల్లగా ఉండదు. ఈత రాకపోతే బోటు మీద కూర్చుని చూడ్డమే. మూడో స్టాప్ తిరాసియా, భోజనానికి, ఊరు పైన మెట్లెక్కాలి, ఎక్కువమంది రేవులోనే తినేసి వచ్చేస్తారు.

ధరలో మాత్రం సాంతోరినీదే గెలుపు. పెద్ద చెక్క బోటు టూర్లు చవక, కాటమరాన్ అనే జంట అడుగుల తెరచాప బోటంటే వంద యూరోలు దాటుతుంది, సూర్యాస్తమయం కలిపితే ఇంకా. రేవు సంగతి కూడా అడగండి, సాంతోరినీ ముఖ్య ఊరు ఫీరా కింద పాత రేవు నుంచైతే 588 మెట్లు లేదా కేబుల్ కార్, క్రూయిజ్ షిప్పులు వచ్చిన రోజు కేబుల్ కార్ లైను చూస్తే బోటే నయం అనిపిస్తుంది. గాడిదలు ఎక్కద్దు, పాపం వాటికి ఆ మెట్లు చాలు.

గ్రీసులోనే కోస్ దీవికి వెళ్ళేవాళ్ళకి ఇంకోటి ఉంది, దాని గురించి ఎవరూ చెప్పరు. నిసీరోస్. కోస్‌లో కర్దమేనా నుంచి గంట లోపే, దిగాక బస్సులో కొండ మధ్యకి తీస్కెళ్తారు, స్తెఫానోస్ అనే బిలం, సుమారు 300 మీటర్ల వెడల్పు, దాని అడుగుకి దిగి నడవచ్చు. కింద నేల వేడిగా, సన్న రంధ్రాల్లోంచి ఆవిరి, అంచుల్లో పసుపు గంధకం. వుల్కానోలో గంట ఎక్కితే కనిపించేది ఇక్కడ బస్సు దిగి కాసేపు నడిస్తే వచ్చేస్తుంది, మోకాళ్ళ నొప్పులవాళ్ళకి వరం. ఒక్కటే దీవి, పేరు కూడా ఎవరికీ తెలీదు, ఇన్‌స్టాలో లైకులు రావు, అంతే తేడా.

అన్నట్టు మన దగ్గర కూడా అండమాన్‌లో బ్యారెన్ ఐలాండ్ ఉంది, మన దేశంలో బతికున్న అగ్నిపర్వతం అదొక్కటే, కానీ దిగనివ్వరు, దూరం నుంచి చూసి రావడమే, కాబట్టి దాన్ని దీంతో పోల్చలేం.

బోటు సైజు గురించి కూడా ఒక మాట. రెండు వందల మందిని ఎక్కించే పెద్ద బోట్లు తక్కువ ఊగుతాయి, బాత్రూమ్ ఉంటుంది, నీడ ఉంటుంది, కాకపోతే దిగడానికీ ఎక్కడానికీ పావుగంట లైను, పైన మంచి సీట్లు ముందొచ్చినవాళ్ళకే. లిపారి నుంచి పదిపన్నెండు మందితో వెళ్ళే రబ్బరు బోట్లు, గొమ్మోనే అంటారు, గుహల్లోకి కూడా దూరతాయి, పనరేయా పక్కన లిస్కా బియాంకా అనే చిన్న రాతి దీవి దగ్గర నీళ్ళ అడుగు నుంచి బుడగలు వచ్చే చోట ఆపుతాయి, 2002లో అక్కడ గ్యాస్ బాగా ఎగదన్నింది కూడా. కానీ వాటిలో బాత్రూమ్ ఉండదు, అల తగిలితే నడుం విరిగినంత పని అవుతుంది, గర్భిణీలు, నడుం నొప్పివాళ్ళు అస్సలు ఎక్కద్దు. వాంతుల టాబ్లెట్, అవోమిన్ లాంటిది, బోటు కదిలాక కాదు, బయల్దేరడానికి గంటా రెండు గంటల ముందు వేస్కోవాలి, నిద్ర వస్తుంది మరి, కారు నడిపేవాళ్ళు చూస్కోండి. కింది అంతస్తులో వెనకవైపు, మధ్యలో కూర్చుంటే ఊపు తక్కువ.

ఏ నెల అంటే సెప్టెంబరు. ఆగస్టులో, ముఖ్యంగా 15 చుట్టూ, ఇటలీ అంతా సెలవు, బోట్లు కిక్కిరిసిపోతాయి, రూములు దొరకవు. జూన్ చివర్లో ఎనిమిది దాటితే గానీ సూర్యుడు దిగడు, స్ట్రాంబోలి ముందు చీకటి కోసం బోట్లు ఇంకా ఆలస్యం చేస్తాయి, లేదా సగం వెలుతురులోనే వెనక్కి తిప్పేస్తాయి. సెప్టెంబరు మధ్యకి ఏడుంబావు కల్లా సూర్యుడు దిగిపోతాడు, ఎనిమిది లోపు చిమ్మచీకటి, నీళ్ళు ఇంకా వెచ్చగానే ఉంటాయి. అక్టోబరు దాటితే ట్రిప్పులు చాలావరకు ఆపేస్తారు. ఏప్రిల్, మేలో బిలం ఎక్కడానికి హాయి, ఈతకి మాత్రం నీళ్ళు చల్లన.

ఒకటి మాత్రం ఏ ఆప్షన్ తీస్కున్నా చెయ్యండి, సిసిలీ ట్రిప్పులో బోటు రోజుని చివరి రోజు పెట్టుకోకండి. గాలి లేస్తే రద్దు చేస్తారు, డబ్బులు వెనక్కిస్తారు లేదా మర్నాడు రమ్మంటారు, మర్నాడు మీకు ఫ్లైట్ ఉంటే ఆ మర్నాడు ఎందుకూ పనికిరాదు. వచ్చిన రెండో రోజుకో మూడో రోజుకో పెట్టుకుని, ఎట్నా, సిరకూజా లాంటి నేల మీద తిరుగుళ్ళు తర్వాతకి జరుపుకోండి. బుక్ చేసేటప్పుడు ఇంకోటి కూడా రాతపూర్వకంగా అడిగి పెట్టుకోండి, అల ఎక్కువగా ఉంటే మొత్తం రద్దు చేస్తారా లేక స్ట్రాంబోలి తీసేసి వేరే దీవికి తిప్పేస్తారా, అలా తిప్పినప్పుడు డబ్బులో ఎంత వెనక్కిస్తారు అని. దీనికి తిన్నగా సమాధానం చెప్పని కౌంటర్ దగ్గర టికెట్ కొనద్దు, పక్క కౌంటర్‌కి వెళ్ళండి, మిలాజ్జో రేవు ముందు వరసగా అవే ఉంటాయి.